ఒక్క మాట కూడా లేని మార్లేన

‘పెట్రా ఫాన్ కాంట్ చేదు కన్నీళ్లు’ సినిమా అంతా ఒక్క ఇంట్లోనే నడుస్తుంది. నిడివి రెండు గంటల పైమాటే. ఆరుగురు ఆడవాళ్ల కథ. మగవాడు కనిపించేది గోడ నిండా పరిచిన పూసాన్ వర్ణచిత్రంలోనే. ఐదుగురు మాట్లాడతారు, ఏడుస్తారు, దెప్పుకుంటారు. ఆరో మనిషి మార్లేన. నల్ల గౌను తొడుక్కుని మొదటి నుంచి చివరి దాకా ఆ ఇంట్లోనే ఉంటుంది, ఒక్క మాట అనదు.

పెట్రా పేరున్న ఫ్యాషన్ డిజైనర్. మార్లేన ఆమెకి సెక్రటరీ, పనిమనిషి, బొమ్మలు గీసిపెట్టే సహాయకురాలు, అన్నీ. కాఫీ తెస్తుంది, ఉత్తరాలు టైపు చేస్తుంది, పెట్రా పేరు మీద బయటికి వెళ్లే డిజైన్లు గీస్తుంది. తన పెళ్లి ఎలా చెడిందో పెట్రా స్నేహితురాలికి చెప్పుకుంటుంటే, అద్దపు పలకకి అవతల నిలబడి చేతులు దానికి ఆనించి చూస్తుంది. పెట్రా కొత్తగా వచ్చిన కారిన్‌ని వలలో వేసుకుంటున్నప్పుడు వెనకనుంచి టైపు మిషన్ చప్పుడు వినిపిస్తూ ఉంటుంది. ఇద్దరి మధ్యా సాగుతున్న ఆ ముచ్చటకి మూడో మనిషి సాక్షి అని ఆ చప్పుడు మనల్ని మరిచిపోనివ్వదు. పెట్రా మాటల్లో ఎంత నిజముందో, ఎంత నటనుందో తెలుసుకోవాలంటే మనం చూడాల్సింది మార్లేన ముఖాన్నే.

ఆ వేషం వేసిన నటి ఇర్మ్ హెర్మన్. 1942 అక్టోబరు 4న మ్యూనిక్‌లో పుట్టింది. ఆమెకి నటనలో ఏ శిక్షణా లేదు. పుస్తక ప్రచురణ వ్యాపారంలో ఉద్యోగానికి చదువుకుని, జర్మనీలో కారు యజమానుల పెద్ద సంఘమైన ‘ఆడాక్’లో సెక్రటరీగా చేరింది. తరవాత ‘పెట్రా’ తీయబోయే రైనర్ వెర్నర్ ఫాస్‌బిండర్ 1966లో ఆమెకి పరిచయమయ్యాడు. ఆమె కంటే దాదాపు మూడేళ్లు చిన్న. చేతిలో డబ్బు లేదు, తీసిన సినిమా లేదు, తను గొప్పవాణ్ణవుతానన్న నమ్మకం మాత్రం గట్టిగా ఉంది. ఆమె చేత ఉద్యోగం మానిపించాడు. ఆ ఏడాదే తీసిన ‘దేశదిమ్మరి’ అనే పది నిమిషాల పొట్టి సినిమాలో ఆమెని కెమెరా ముందు నిలబెట్టాడు. తరవాత పదిహేనేళ్లలో అతని సినిమాల్లో, నాటకాల్లో, టీవీ చిత్రాల్లో ఆమె ఇరవై దాకా పాత్రలు వేసింది.

ఆ పదిహేనేళ్ల గురించి రాసేటప్పుడు దాచకూడని సంగతి ఒకటుంది. ఫాస్‌బిండర్ తనని కొట్టేవాడని ఆమె తరవాతి కాలంలో బహిరంగంగానే చెప్పింది. అతని బృందంలో ప్రేమ, పని, పెత్తనం ఒకదానితో ఒకటి పెనవేసుకుపోయి ఉండేవి. ఆమెకి దక్కినవి చాలావరకు అణిగిమణిగి ఉండే పాత్రలో, లేకపోతే మూతి బిగించుకున్న మధ్యతరగతి ఇల్లాలి పాత్రలో. అదే బృందంలోని నటి హన్నా షిగుల్లాకి వెలుగు, ఇర్మ్‌కి నీడ. మేధావి సినిమాకి అయిన ఖర్చు అంటూ ఈ హింసని పక్కన పెట్టేసే విమర్శ నాకు నచ్చదు. ఆ ఖర్చు ఇంకొకరి ఒంటి మీదనుంచి వచ్చింది.

అయినా ఆమె ఆ నీడలోంచే తన మనుషుల్ని పుట్టించుకుంది. ‘నాలుగు రుతువుల వ్యాపారి’ చూడండి. కథ 1950ల మ్యూనిక్‌లో నడుస్తుంది. హాన్స్ ఎప్ తోపుడు బండి మీద పళ్లు అమ్ముకుంటూ పెరట్లలో కేకలు వేస్తూ తిరుగుతాడు. భార్య ఇర్మ్‌గార్డ్‌గా మన నటి. అతను తాగొచ్చి చిన్నపిల్ల కళ్లెదుటే ఆమెని కొడతాడు. ఆమె విడాకులంటుంది, అతనికి గుండెపోటు వస్తుంది, ఆమె ఉండిపోతుంది. ఇక్కడినుంచి సినిమా ఆమె మీద ఏ తీర్పూ చెప్పదు. లెక్కలు చూసుకుంటుంది, వ్యాపారం నిలబెడుతుంది, తన రహస్యం బయటపడకుండా ఒక మనిషిని పనిలోంచి తప్పిస్తుంది. భర్త గ్లాసు మీద గ్లాసు తాగి అందరి ముందూ ప్రాణం వదిలాక, అతని స్నేహితుడితో ఇకముందు కలిసి బతుకుదామన్న మాట పొడిగా, పనిమాటలా అనేస్తుంది. ఇంకో నటి అయితే ఇక్కడ రెండు కన్నీటి చుక్కలు రాల్చి మన క్షమాపణ అడిగేది. ఇర్మ్ అడగదు. యుద్ధం ముగిసిన దేశంలో కడుపు నింపుకోవడం, పరువు కాపాడుకోవడం తప్ప మూడో ఆలోచనకి చోటు లేని ఆడదాని ముఖం అది. ఈ పాత్రకి 1972లో ఆమెకి జర్మన్ జాతీయ సినిమా పురస్కారం వచ్చింది.

1974లో వచ్చిన ‘భయం ఆత్మని తినేస్తుంది’లో పాత్ర ఇంకా చిన్నది. వయసు మళ్లిన పాచిపని ఆవిడ ఎమ్మి (బ్రిగిట్టె మీరా) మొరాకో నుంచి వచ్చిన కూలీని పెళ్లాడుతుంది. ఎమ్మి కూతురు క్రిస్టాగా ఇర్మ్, అల్లుడిగా ఫాస్‌బిండరే. సోఫాలో పడి బీరు తెమ్మని పెళ్లాన్ని కసిరే ఆ అల్లుడికీ, ఎదురు కసిరే ఆ కూతురికీ మధ్య గదిలో గాలి ఎంత చెడిపోయిందో కొద్ది నిమిషాల్లో తెలిసిపోతుంది. ఎమ్మి ఏ ఒంటరితనంలోంచి ఆ మొరాకో మనిషి దగ్గరికి నడిచిందో వేరే చెప్పక్కర్లేదు.

పశ్చిమ జర్మనీలో అప్పట్లో టీవీకీ సినిమాకీ మధ్య గోడ పల్చన. ప్రభుత్వ ప్రసార సంస్థల డబ్బే చాలా సినిమాలని బతికించింది. కొలోన్‌లోని వేడేఆర్ సంస్థ కోసం ఫాస్‌బిండర్ తీయగా 1972-73లో ప్రసారమైన ఐదు భాగాల సీరియల్ ‘ఎనిమిది గంటలు ఒక రోజు కాదు’. కార్ఖానా కార్మికుల కుటుంబాన్ని సాయంత్రం పూట ఇంటింటికీ తెచ్చిన కథ. ఇందులో ఇర్మ్ పత్రికా కార్యాలయపు ఉద్యోగిని. కార్మికులంటే మొదట ముక్కు విరుస్తుంది. ఆ ఎగతాళి కరుగుతున్న కొద్దీ ఆమె ముఖం కూడా తేటపడుతుంది. ఆమెలో హాస్యనటి ఉందని అప్పుడే తెలియాల్సింది, చాలామంది గమనించలేదు. 1980లో వచ్చిన పద్నాలుగు భాగాల ‘బెర్లిన్ అలెగ్జాండర్‌ప్లాట్స్’లోనూ ఆమెకి చిన్న వేషం ఉంది.

అప్పటికే ఆమె మ్యూనిక్ వదిలేసి బెర్లిన్‌లో స్థిరపడింది. పెళ్లి చేసుకుంది, ఇద్దరు కొడుకులు. ఫాస్‌బిండర్ నీడ దాటి వచ్చాక ఎవరి పిలుపు వచ్చినా తన లెక్కన తను వెళ్లింది. వెర్నర్ హెర్ట్‌సోగ్ 1979లో తీసిన ‘వోయ్‌ట్‌సెక్’లో పక్కింటి మార్గ్రెట్‌గా కనిపించింది.

నా దృష్టిలో ఆమె నటనకి శిఖరం 1982లో పెర్సీ ఆడ్లన్ తీసిన ‘చివరి ఐదు రోజులు’. హిట్లర్‌కి వ్యతిరేకంగా మ్యూనిక్ విశ్వవిద్యాలయంలో కరపత్రాలు పంచి 1943 ఫిబ్రవరి 18న పట్టుబడిన సోఫీ షోల్ వయసు 21. ఫిబ్రవరి 22న ఆమెని చంపేశారు. ఆ మధ్య రోజుల్లో గెస్టపో జైలు గదిలో ఆమెకి తోడు ఉన్నది ఎల్జె గేబెల్ అనే మరో రాజకీయ ఖైదీ. యుద్ధం తరవాత ఆ రోజుల జ్ఞాపకాన్ని రాసిపెట్టింది ఆవిడే. సోఫీగా లేనా ష్టోల్జె, ఎల్జెగా ఇర్మ్.

చరిత్ర గుర్తుపెట్టుకున్నది సోఫీని. ఆడ్లన్ కథ నడిపింది ఎల్జె కళ్లతో. రాజీ పడని అమ్మాయి పక్కన, బతికి బయటపడాలనుకునే మామూలు మనిషి. ధైర్యం చెప్పాలి, కాని ఏం చెప్పినా అబద్ధమే అవుతుంది. తన దగ్గరున్న కాస్త తిండి పంచగలదు, పక్కన పడుకోగలదు, అంతే. పదేళ్ల కింద మార్లేనగా నోరు విప్పకుండా చూడటం నేర్చుకున్న నటి ఇక్కడ ఆ చూపుకి దయ జోడించింది. మార్లేన చూపులో లెక్క ఉంది, ఎల్జె చూపులో బాధ్యత ఉంది. ఒక సహాయనటి రెండు ముఖ్య పాత్రలూ సాక్షులే కావడం యాదృచ్ఛికమని నేననుకోను. తన వైపు దృష్టి లాక్కోకుండా ఎదుటి మనిషిని మనకి చూపించగలిగే నటులు అరుదు. దర్శకులు ఆమె దగ్గరికి వచ్చింది దీనికోసమే.

2020 మే 26న బెర్లిన్‌లో, 77వ ఏట ఆమె చనిపోయింది. ఇంకో ఐదు రోజుల్లో ఫాస్‌బిండర్ 75వ జయంతి. నివాళులు ఆమెని ‘ఫాస్‌బిండర్ నటి’గానే తలుచుకున్నాయి. అతను పోయింది 1982లో. ఆ తరవాత ఆమె 38 ఏళ్లు బతికింది, పని చేసింది. ఉల్రికె ఒట్టింగర్ 1989లో తీసిన ‘మంగోలియా జొహానా దార్క్’లో సైబీరియా రైల్లో చేతిలో గైడు పుస్తకంతో బయల్దేరిన టీచరమ్మ ఆమే. బెర్లిన్ ఫోక్స్‌బ్యూనె రంగస్థలం మీద, క్రిస్టోఫ్ ష్లింగెన్‌సీఫ్ అల్లరి సినిమాల్లో ఏ బిడియమూ లేకుండా ఆడింది. ష్లింగెన్‌సీఫ్ ఆమె కంటే పద్దెనిమిదేళ్లు చిన్న. పెద్ద పేరున్న పాతతరం నటి తన సొంత ప్రతిష్ఠని కాసేపు పక్కన పెట్టి అంత పిచ్చితనంలోకి దూకడం నాకెంతో ఇష్టం.

జర్మనీలో ఫాస్‌బిండర్ సినిమా ఒక్కటీ చూడని ఇళ్లలో కూడా ఆమె ముఖం తెలుసు. హాస్యానికి పెట్టింది పేరైన లోరియో 1991లో తీసిన ‘పాపా ఆంటె పోర్టాస్’ వల్ల. ఉద్యోగంనుంచి బలవంతంగా ఇంటికి పంపిన మేనేజరు ఇంట్లో పెత్తనం మొదలుపెడితే ఆ ఇల్లు ఏమవుతుందన్నది కథ. ఆ ఇంటి ఇల్లాలికి చెల్లెలు హెడ్విగ్, చుట్టాల ముందు మొగుణ్ణి ముద్దుచేస్తూ తీపి మాటలు ఒలకబోసే మనిషి. ఆ తియ్యదనం కింది పుల్లదనాన్ని ఇర్మ్ ఒక్క పెదవి విరుపుతో చూపిస్తుంది. అన్నేళ్లు మూతి బిగించిన ఇల్లాళ్లని వేసిన అనుభవం ఇక్కడ నవ్వులై పండింది.

ఇక రేడియో నాటకాలు. జర్మనీలో ఇప్పటికీ ప్రసార సంస్థలు డబ్బు పెట్టి తయారు చేయించే, శ్రోతలు చెవి కోసుకునే కళ అది. ముఖం పనికిరాని ఆ రంగంలో ఇర్మ్ హెర్మన్ గొంతు కోసం నిర్మాతలు ఏళ్ల తరబడి ఆమెని పిలుస్తూనే ఉన్నారు. కొంచెం గీర, కొంచెం అమాయకత్వం కలిసిన గొంతు, ప్రతి అక్షరాన్నీ విడివిడిగా పెట్టి పలికే తీరు. మార్లేన నోరు తెరిచి ఉంటే ఎలా మాట్లాడేదో వినాలనుకునేవాళ్లు వెతుక్కోవాల్సింది అక్కడే.