కెమెరా సంఘం చేతికొస్తే..

బరంపురం: 2013 అక్టోబరు 12 రాత్రి ఫైలిన్ తుపాను గోపాల్‌పూర్ దగ్గర తీరం దాటింది. టీవీల వాళ్లు వచ్చారు.. తీశారు.. వెళ్లిపోయారు. మరి మన మత్స్యకారుల మాట ఎవరు తీయాలి?

వాళ్లే తీసుకోవచ్చని జహీరాబాద్ దగ్గరి పస్తాపూర్ మహిళలు ఎప్పుడో చేసి చూపించారు. డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని పేద దళిత మహిళలు వీరు. చాలామందికి చదువు రాదు. అయినా వీడియో నేర్చుకుని 2001లో కమ్యూనిటీ మీడియా ట్రస్టు పెట్టుకున్నారు. షాట్లకు పేర్లూ వాళ్లవే. పైనుంచి కిందికి చూస్తే ‘పటేల్ షాట్’. కిందినుంచి పైకి చూస్తే ‘బానిస షాట్’. ఎదుటి మనిషి కళ్లకు సమంగా పెడితే ‘సంఘం షాట్’. ఫిలిం స్కూళ్లలోనైనా ఇంత సూటిగా చెబుతారా అన్నది అనుమానమే!

2002లో బీటీ పత్తికి దేశంలో అనుమతి వచ్చింది. ఆ పంటకాలమంతా వీరు వరంగల్ రైతుల చేలకు పదేపదే వెళ్లారు. పెట్టుబడి ఎంతైంది, కాయ ఎలా ఉంది, చేతికి ఎంతొచ్చింది.. అడిగినవారూ సాగు తెలిసినవారే కనుక రైతులు దాపరికం లేకుండా చెప్పారు. లాభమేనన్న కంపెనీ మాటకు ఎదురుగా 2003లో ఆ చిత్రం నిలిచింది. విదేశాల్లోనూ ఆడింది.

ఇక్కడ రుషికుల్య ముఖాన పొడంపేటను సముద్రం కోసేసింది. ఊరు తరలిపోయింది. మిగిలిన పల్లెల్లో సెల్‌ఫోన్లకు కొదవలేదు. నెలకోసారి ఒకే చోట నిలబడి తీరాన్ని తీసి, తేదీ చెప్పి, ముందు ఊళ్లో వేసుకుని చూస్తే.. కలెక్టరుకిచ్చే అర్జీతోపాటు చూపించడానికి ఓ సాక్ష్యం ఉంటుంది.