కళ్లం మీద మెలికల ముగ్గు

పొద్దున్న ఐదున్నరకి నిడదవోలులో మా మిల్లు కళ్లం మీద ముందు చీపురు చప్పుడు వినబడుతుంది. చక్రాల చప్పుడు ఆ తర్వాత. పదకొండేళ్ల మా అన్నయ్య కూతురు కొబ్బరీనెల చీపురుతో నాలుగు మూలలా ఊడ్చి, గొంతుక్కూర్చుని, అరచేత్తో నేలంతా తడిమి చూసుకుంటుంది. ఎందుకే అంత పట్టింపు అంటే, "ఒక్క వడ్ల గింజ చాలు బాబాయ్, మూతిపళ్లు రాలడానికి" అంది. నిజమే. స్కేటు చక్రం మహా అయితే ఆరు సెంటీమీటర్లుంటుంది. దాని కింద గింజ పడితే చక్రం ఆగుతుంది, మనిషి ఆగడు.

ఈ కళ్లం మా తాత పోయించింది. ఉప్పుడు బియ్యానికి ఉడకబెట్టిన ధాన్యం ఇక్కడే ఆరేది. కూలీలు గంటకోసారి కాళ్లతో సాళ్లు తీసుకుంటూ నడిచేవారు. డ్రయ్యర్లొచ్చాక ఎండతో పని తప్పింది, కళ్లం ఖాళీ పడింది. గోడౌన్ కట్టేద్దామా అన్న మాట ఇంట్లో రెండుసార్లు లేచింది. ఈ పిల్ల పుణ్యమా అని రెండుసార్లూ ఆగింది.

మొదట్లో దీని భాష మాకెవరికీ అర్థమయ్యేది కాదు. ఒకరోజు భోజనాల దగ్గర "ఈ వారం యాక్సిల్ పట్టేస్తాను నాన్నా" అంటే, మా అన్నయ్య ట్రాక్టరుకేమైందని కంగారుపడ్డాడు. ఆక్సెల్ అంటే గాల్లోకి లేచే గెంతు. 1882లో వియన్నాలో నార్వే మనిషి ఆక్సెల్ పాల్సెన్ వేసి చూపించాడు, అతని పేరే దానికి నిలిచిపోయింది. తక్కిన గెంతులన్నిటికీ వెనక్కి జారుతూ లేస్తారు. దీనికొక్కదానికే ముఖం ముందుకి పెట్టి లేవాలి, వెనక్కి దిగాలి. అందుకే ఒక చుట్టు చాలదు, ఒకటిన్నర తిరగాలి. ఆ అర చుట్టు దగ్గరే పిల్లల మోకాళ్లు చెక్కుకుపోయేది.

మంచు మీద ఫిగర్ స్కేటింగ్‌ని టీవీలో చూసినవాళ్లకి ఈ గెంతులు కొత్త కాదు. కానీ మనకి మంచేది? మా వైపు ఐసంటే చేపల లారీకెత్తే ఐసే. సిమ్లాలో శీతాకాలం నీళ్లు గడ్డకడితే ఆడతారు. డెహ్రాడూన్‌లో 2011 దక్షిణాసియా శీతాకాల క్రీడలకని పెద్ద మంచు రింకు కట్టి, ఆ తర్వాత ఏళ్ల తరబడి మూసిపెట్టారు. భారత్ తరఫున మంచు మీద ఆడే తారా ప్రసాద్ ఉండేదీ, సాధన చేసేదీ అమెరికాలో. మంచు లేని చోట ఆ ఆట బతకాలంటే చక్రాలు కావాలి. న్యూయార్క్‌లో జేమ్స్ ప్లింప్టన్ 1863లో ముందు రెండు, వెనక రెండు చక్రాల స్కేటు చేశాడు. అందులో కీలకం రబ్బరు ముక్కలది. ఒంటిని ఒక పక్కకి వాలిస్తే రబ్బరు నలుగుతుంది, ఇరుసు తిరుగుతుంది, స్కేటు అటే మళ్లుతుంది. మంచు మీద కత్తి అంచు చేసే పని ఇక్కడ పిడికెడు రబ్బరు చేస్తోంది. దాని మీదే ఆర్టిస్టిక్ స్కేటింగ్ అనే ఆట మొత్తం నిలబడింది. ఒలింపిక్స్‌లో మాత్రం దానికి చోటు లేదు.

ఆ ఆటలో మన తెలుగువాడు ఆసియా పతకాలు గెలిచాడని నాకు ఈ పిల్ల చెబితేగానీ తెలియలేదు. పేపర్లో పనిచేసేవాణ్ణి, సిగ్గుపడాల్సిన మాటే. దాని అలమర తలుపు లోపల ఒక ఫొటో అంటించి ఉంటుంది. హైదరాబాద్ కుర్రాడు, యామా అనూప్ కుమార్. తండ్రి వీరేశ్ స్కేటింగ్ కోచ్. ఇందిరా పార్కు రింకులో కొడుక్కి గురువూ ఆయనే. ఇంట్లో నాన్న, నేల మీద సారు. ఈ రెండు వరసల మధ్య పెరిగిన పిల్లలకి తిట్లు రెండింతలు పడతాయని వేరే చెప్పాలా?

2010 నవంబరు, చైనాలో గ్వాంగ్‌జౌ. ఆసియా క్రీడల్లోకి చక్రాల ఆటలు మొదటిసారి అడుగుపెట్టిన ఏడాది. అనూప్ పురుషుల సింగిల్స్‌లో కాంస్యం తీసుకున్నాడు. జంట విభాగంలో అవనీ పంచాల్‌తో కలిసి ఇంకో కాంస్యం. ఆ క్రీడల్లో దేశం మొత్తానికి వచ్చిన 65 పతకాల్లో రెండు ఒకే కుర్రాడి మెడలో పడ్డాయి.

రెండూ ఒక ఆటే అనిపిస్తుంది గానీ, వేరు. సింగిల్స్‌లో నాలుగు నిమిషాల పైచిలుకు పాటకి గెంతులు, గిరికీలు, అడుగులు అన్నీ ఒక్కడే మోయాలి. కాలికి కిలోకి పైగా బరువు. దాంతోనే లేవాలి, దాని మీదే దిగాలి. మూడో నిమిషానికి తొడలు బిగుసుకుంటాయి, ముఖం మీద నవ్వు మాత్రం చెదరకూడదు. జంటలో ఇంకో గొడవ. అమ్మాయిని తలపైకి ఎత్తి, ఎత్తినవాడు చక్రాల మీదే తిరుగుతూ ఉండాలి. తన కాలు కొద్దిగా తడబడితే పడేది తనొక్కడే కాదు. ఒకే ఒంటితో ఈ రెండూ సాధన చేసి, ఒకే క్రీడల్లో రెండింటా పతకం తేవడాన్ని ఆ రోజు మన పత్రికలు ఎంత జాగాలో వేశాయో తలుచుకోకపోవడమే మంచిది.

తర్వాత జరిగిందే నాకు ఎక్కువ కష్టంగా తోచింది. 2014 ఇంచియాన్ ఆసియా క్రీడల్లో అసలు స్కేటింగే లేదు. 2018 జకార్తాలో వేగం పోటీలకి చోటిచ్చారు, హాంగ్‌జౌలో వేగంతో పాటు ఇన్‌లైన్ ఫ్రీస్టైల్‌కి. ఆర్టిస్టిక్‌కి మళ్లీ తలుపు తెరవలేదు. పతకం గెలిచినవాడు నాలుగేళ్లు ఒళ్లు కాపాడుకుని, పతకం రంగు మార్చుకుందామని వస్తే, ఆటే బరిలో లేకపోతే? ఓడిపోయినవాడికి ఇంకోసారి చూద్దామన్న ఆశైనా ఉంటుంది. అనూప్ అక్కడితో చేతులు ముడుచుకోలేదు. చక్రాలన్నీ ఒకే వరసలో ఉండే ఇన్‌లైన్ స్కేట్లకి మారి ప్రపంచ పోటీల్లోనూ పతకం అందుకున్నాడు. నాలుగు చక్రాల బల్ల మీద నిలబడ్డ కాలికి ఒంటి వరస మీద నిలబడటం మళ్లీ నడక నేర్చుకోవడం లాంటిది. అలవాటైన వాలు పనికిరాదు, అలవాటైన నమ్మకమూ పనికిరాదు.

2015లో అర్జున అవార్డు వచ్చింది. ఆ ఏడాది జాబితా చూడండి: రోహిత్ శర్మ, గుంటూరు కుర్రాడు కిదాంబి శ్రీకాంత్, దీపా కర్మాకర్, హాకీ గోల్‌కీపర్ శ్రీజేశ్, వాళ్ల పక్కన యామా అనూప్ కుమార్. ఖేల్‌రత్న మన సానియా మీర్జాకి. ఆ పేర్లలో నిడదవోలు స్టేషన్లో టీ తాగేవాణ్ణి ఎవరినడిగినా గుర్తుపట్టనిది ఏదో నేను చెప్పక్కర్లేదు. జంక్షన్ కదా, భీమవరం బండి కోసం చూసేవాళ్లు దండిగా ఉంటారు. నేను అడిగే చూశాను.

మన ఇళ్లల్లో స్కేటింగంటే వేసవి సెలవుల వ్యవహారం. నెల రోజుల క్యాంపు, ఒక సర్టిఫికెట్, పదో తరగతి రాగానే స్కేట్లు అటక మీదికి. అయినా ఎక్కడో ఒకరు మిగులుతారు. 2024 డిసెంబరులో మంగళగిరి అమ్మాయి మాత్రపు జెస్సీ రాజ్ స్కేటింగ్‌లోనే రాష్ట్రపతి చేతుల మీదుగా బాలల జాతీయ పురస్కారం అందుకుంది. మా పిల్ల ఆ రోజు మధ్యాహ్నం అన్నం తినకుండా ఫోనులో ఆ వీడియోనే తిప్పి తిప్పి చూసింది.

ఇక ముగ్గు సంగతి. ఫిగర్ స్కేటింగ్‌లో ఫిగరంటే నేల మీది గీత. పూర్వం మంచు మీద గెంతుల కంటే దానికే విలువ. ఒంటికాలితో వలయం గీయాలి, మళ్లీ అదే గీత మీద తప్పకుండా వెళ్లాలి. 1990తో మంచు మీద ఆ పోటీలు ఎత్తేశారు, చక్రాల మీద మాత్రం మిగిలాయి. రంగుతో గీసిన పెద్ద వలయం అడ్డంగా ఆరు మీటర్లు, మెలికల చిన్న వలయం 2.4 మీటర్లు. కళ్లం మధ్యలో మేకు కొట్టి, తాడు కట్టి, సుద్దతో మా పిల్ల వాటిని గీస్తుంటే మా అమ్మ వాకిట్లోంచి చూసి, "ఇదేమే, చుక్కల్లేకుండా మెలికల ముగ్గేస్తున్నావ్?" అంది. ఆ తర్వాత నడుం నొప్పితోనే వచ్చి పక్కన కుర్చీ వేసుకుంది. ఇప్పుడు మనవరాలి చక్రం గీత దాటిన ప్రతిసారీ, "తప్పిందే" అని అరిచేది ఆవిడే. అరవయ్యేళ్లు ముగ్గులేసిన చెయ్యి, గీత తప్పడం ఆవిడకి తెలిసినట్టు ఇంకెవరికి తెలుస్తుంది?

మొన్న కోతల మీద అకాల వర్షం పడింది. తడిసిన ధాన్యం ట్రాక్టర్లు తెల్లారేసరికి మిల్లు గేటు దగ్గర బారులు తీరాయి. డ్రయ్యరు వంతు వచ్చేలోగా మొలకెత్తేస్తుంది, కళ్లం మీద ఆరబోసుకుంటామని రైతులు అడిగితే అన్నయ్య ఎలా కాదంటాడు? అరగంటలో సుద్ద వలయాలన్నీ ధాన్యం కింద పడిపోయాయి. స్కేట్లు చంకన పెట్టుకుని వచ్చిన పిల్ల గేటు దగ్గర నిలబడి చూసింది. ఏడుస్తుందనుకున్నాను. కాటా పక్కన మంచమంత జాగా ఒకటి మిగిలి ఉంది. అక్కడికి పోయి ఊడ్చింది, అరచేత్తో తడిమింది, లేసులు బిగించింది.

"అక్కడేం ఆడతావే?"

"గెంతులు కుదరవు. తిరగడానికి ఇంత చాలు కదా బాబాయ్" అని, చేతులు గుండెలకి ముడిచి గిర్రున తిరగడం మొదలెట్టింది. ధాన్యం ఎగదోస్తున్న ముసలాయన పార ఆపి, తలపాగా విప్పి చెమట తుడుచుకుంటూ ఎన్ని చుట్లో లెక్కపెట్టసాగాడు.