మాగాయ ఊట - జర్మనుల పుల్లకూర

నల్లజర్ల మెట్టనుండి కొల్లేటి లంకలవరకు వేసవి రాకను తెలుపునది పంచాంగ మొక్కటియే కాదు, ఇంటింటి జాడీయు తెలుపును. పుల్లమామిడికాయల చెక్కు తీసి, ముక్కలు తరిగి, ఉప్పును పసుపును కలిపి మూడు దినములు జాడీలో నుంచుదురు. చుక్క నీరు పోయకయే ముక్కల చుట్టును నీరు చేరును. దానినే మన స్త్రీలు 'ఊట' యనిరి. ముక్కలను పిండి, ఎండబెట్టి, మరల ఆ ఊటలోనే వేయుదురు. అదియే మాగాయ. ఉప్పు కాయలోని నీటిని వెలికి లాగుననియు, ఉప్పు హెచ్చిన చోట కుళ్ళు పుట్టించు జీవులు పెరుగజాలవనియు శాస్త్రము చెప్పును.

ఈ ఊటనే ఆధారముగా గొని జర్మనులు వేరొక నిలువకూర చేయుదురు. దాని పేరు సావర్‌క్రౌట్. పుల్లకూర యని దాని యర్థము. శరత్కాలమున క్యాబేజీని సన్నగా తరిగి, కిలోకు 20 గ్రాముల ఉప్పు చొప్పున కలిపి, చేతితో నలిపి, జాడీలో కూరి, పైన బరువు పెట్టుదురు. ఊట పైకివచ్చి కూరను ముంచును, గాలి సోకదు. అంతట ఆకుపై సహజముగా నుండు సూక్ష్మజీవులు క్యాబేజీలోని చక్కెరను లాక్టిక్ ఆమ్లముగా మార్చును. మొదట ల్యూకోనోస్టాక్ జాతి పని ప్రారంభించును. పులుపు హెచ్చిన కొలది అది తగ్గిపోగా, లాక్టోబాసిల్లస్ జాతి ఆ పని ముగించును. కొన్ని వారములలో కూర సిద్ధమగును.

మామిడికి పులుపు పుట్టుకతో వచ్చినది. క్యాబేజీ దానిని సంపాదించుకొనవలెను. అట్లు సంపాదించు విద్యయు మనకు క్రొత్త కాదు. పూర్వము మన పల్లెలలో గంజియు నీళ్ళును పోసి పులియబెట్టు తరవాణి కుండ వంటింటి మూలనుండెడిది. పాలను పెరుగుగా మార్చునదియు ఈ తెగకు చెందిన జీవులే. మాగాయ జాడీలోని ఊటయు, తరవాణి కుండలోని పులుపును ఒక్క పాత్రలో కలిసినచో అది సావర్‌క్రౌట్.

జర్మనులు దీనిని సాసేజితో కలిపి వండుదురు. మాంసమును కొట్టి, ఉప్పును మసాలాలును చేర్చి, శుభ్రపరచిన ప్రేగులో కూరినదే సాసేజి. కొన్నిటిని పచ్చిగానే వేయింతురు, కొన్నిటిని పొగబెట్టి నిలువయుంచుదురు. దొరికినది దొరకని దినములకు దాచుకొనుటయందు కొల్లేటి ఎండుచేపకును దీనికిని చుట్టరికము కలదు. కొవ్వులో ఉల్లిపాయలు వేయించి, పుల్లకూరను, జీలకర్రను పోలిన కారవే గింజలను వేసి, సన్నని సెగపై అరగంట ఉడికించి, సాసేజులను దానిపై పేర్చి మూతపెట్టుదురు. వసంతము వచ్చినచో లేత బఠాణీలు, క్యారట్లు, మన శతావరికి బంధువైన యాస్పరాగస్ మొలకలు తోడగును. వీనిని చివర కొలది నిమిషములే ఉడికింపవలెను. సెగ యెక్కువైనచో రంగును సి విటమినును నశించును. ఇట్లు ఒకే పళ్ళెరమున శీతకాలపు నిలువయు వసంతపు తాజాదనమును కలియును.

ఈ పుల్లకూరకు ఓడలలోను గౌరవము లభించినది. 1768లో ఇంగ్లండునుండి బయలుదేరిన కెప్టెన్ జేమ్స్ కుక్, నావికులను పీడించు స్కర్వీ వ్యాధికి విరుగుడుగా దీనిని వెంట గొనిపోయెను. నావికులు మొదట దీనిని ముట్టరైరి. కుక్ వారిని నిర్బంధింపలేదు. అధికారుల బల్లపై ప్రతిదినము దీనిని వడ్డింపజేసి, తక్కినవారిని వారి యిష్టమునకు విడిచెను. పెద్దలు మెచ్చి తినుట చూచి అందరును అడుగసాగిరి. వారము తిరుగకముందే కొలతపెట్టి పంచవలసివచ్చెను.

ఇందు మనకు పాఠము కలదు. తరవాణి మరుగుపడుచున్నది రుచి లేకకాదు, దానిని పేదల తిండి యని చిన్నచూపు చూచుటవలన. కుండతోపాటు ఊట, తరవాణి వంటి పలుకులును పిల్లల నోట అరుదగుచున్నవి. వస్తువు పోయినచో మాటయు నిలువదు. ఉపాధ్యాయులు తరగతిలో ఒక గాజుసీసాయందు క్యాబేజీయు ఉప్పును ఉంచి, దినదినమును నీలి లిట్మసు కాగితము ముంచి చూపినచో, ఆ కాగితము ఎర్రబారుట విద్యార్థులు కన్నులార చూతురు. ఆ సాయంకాలము ఇంటికిపోయి అమ్మమ్మను తరవాణిని గూర్చి అడుగుదురు. బల్లపై మొదట వడ్డింపవలసినవారు పెద్దలే.