ఒబ్లోమోవ్ ప్రణయం

రష్యన్ రచయిత ఇవాన్ గొంచరోవ్ నవల 'ఒబ్లోమోవ్' 1859లో వెలువడినది. ఆ పేరు వినగానే పడక దిగని సోమరి ఒకడు చదువరులకు జ్ఞప్తికి వస్తాడు. ఆ సోమరితనం ఒక ప్రేమను ఎట్లా హరించినదో ఇక్కడ వివరించదలచినాము.

ఒబ్లోమోవ్ ముప్పై దాటిన భూస్వామి. దూరప్రాంతంలో ఎస్టేటు, అందులో భూమికి కట్టుబడిన దాసులు 350 మంది. మేజోళ్ళు తొడగడానికి సైతం జఖార్ అనే సేవకుడు. మిత్రుడు స్తోల్త్స్ వలన ఓల్గాతో పరిచయమైనది. ఆమె గానం విని చలించిపోయినాడు. ఆ వేసవి అంతా పెందలకడనే లేచినాడు, పుస్తకాలు చదివినాడు, ఆమెతో ఉద్యానవనాలలో తిరిగినాడు. అతని ప్రేమలో కపటం లేదు. ఈ సంగతి మరువరాదు.

వివాహానికి ముందు చేయవలసిన పని ఒక్కటే: ఎస్టేటుకు పోయి వ్యవహారాలు చక్కబెట్టుకొనడం. ఆ ప్రయాణం వాయిదా పడుతూనే ఉన్నది. శరదృతువు వచ్చినది. అతడు పీటర్స్‌బర్గులో నేవా నదికి ఆవల అద్దె ఇంట చేరినాడు. మంచు కారణంగా నదిపై వంతెనలు తీసివేయగా, ఓల్గా వద్దకు పోనవసరం లేదని లోలోపల ఊరట చెందినాడు! వంతెనలు మరల వేసినాక అస్వస్థత నెపమైనది. చివరకు ఆమెయే, లోకనిందకు వెరవక, ఒంటరిగా అతని ఇంటికి వచ్చినది.

మా విద్యార్థులలో కొందరు ఓల్గాను కఠినురాలంటారు. మేము అంగీకరించము. పెండ్లి పిమ్మట కూడ ప్రతిదినం అతనిని తానే లేపవలసి ఉంటుందని గ్రహించిన పిదపనే ఆమె విడిపోయినది. అయితే ఆమె ప్రేమించినది ఎదుటనున్న ఒబ్లోమోవ్‌ను కాదు, తాను తీర్చిదిద్దదలచిన ఒబ్లోమోవ్‌ను. ఆ మాట ఆమెయే ఒప్పుకొన్నది.

విమర్శకుడు దొబ్రొల్యూబొవ్ అదే సంవత్సరం రాసిన వ్యాసంలో, ఇది ఒక వ్యక్తి దౌర్బల్యం కాదనీ, పరుల శ్రమపై బ్రతికే వ్యవస్థ ఫలమనీ వాదించినాడు. రష్యాలో ఆ దాస్యం 1861లో రద్దయినది. బాల్యంలో తన పని తాను చేసుకొననివ్వని ఇంటిలో పెరిగినవానికి ప్రేమ కూడ ఒక శ్రమగానే తోచినది. ఉర్దూలో 'కల్' అంటే నిన్న, రేపు కూడ. ఒబ్లోమోవ్ ఎదురుచూచిన రేపు అతని బాల్యపు నిన్నయే.

ఓల్గా తరువాత స్తోల్త్స్‌ను వివాహమాడినది. ఒబ్లోమోవ్ నది ఆవలి ఇంటిలోనే ఉండిపోయి ఇంటి యజమానురాలిని పెండ్లాడినాడు. ఆమె దినమంతా పనిలో ఉండేది. అతనిని లెమ్మని మాత్రం అడుగలేదు.