పింఛను ఫైలు చుట్టూ పుట్టిన అపోహలు

ముత్తుకూరు మత్స్య కళాశాల 1991లో వ్యవసాయ విశ్వవిద్యాలయం కింద మొదలైంది. 2005లో ఏర్పడిన శ్రీ వేంకటేశ్వర పశువైద్య విశ్వవిద్యాలయం కిందికి తర్వాత వచ్చింది. అలా యాజమాన్యం మారిన చోట పింఛనుకు కావాల్సిన సర్వీసు లెక్క చిక్కుపడితే, ఆ పీటముడి విప్పుకోవాల్సింది కార్యాలయాలే. కానీ వాటి చుట్టూ తిరిగేది మాత్రం రిటైరైనవాళ్లు, అదీ తప్పు తమదే అన్నట్టు. అలా తిరిగేవాళ్లలో పాతుకున్న కొన్ని అపోహలు ఇవి.

అపోహ: పింఛను దయతో ఇచ్చేది.

వాస్తవం: 1982 డిసెంబరు 17న నకారా కేసులో సుప్రీంకోర్టు ఆ మాట కొట్టేసింది. పింఛనుదారుల దినం ఆ తేదీనే జరుపుకునేది అందుకే. పింఛను, గ్రాట్యుటీ ఉద్యోగి ఆస్తి కిందికే వస్తాయని, నిబంధన ఏదీ లేకుండా ఆపకూడదని 2013లో జార్ఖండ్ కేసులో మళ్లీ చెప్పింది.

అపోహ: ‘నిధుల్లేవు’ అంటే కోర్టు కూడా ఏమీ చేయలేదు.

వాస్తవం: మన ఆంధ్రప్రదేశ్ కథే వినండి. కరోనా పేరుతో 2020 మార్చి 31న 26వ నంబరు జీవో తెచ్చి జీతాలు, పింఛన్లలో కొంత వాయిదా వేశారు. హైకోర్టు ఆ మొత్తాన్ని 12 శాతం వడ్డీతో ఇమ్మంది. 2021 ఫిబ్రవరి 8న సుప్రీంకోర్టు వడ్డీని 6 శాతానికి తగ్గించిందే కానీ ఎత్తేయలేదు. ఖజానా ఖాళీ అన్న మాటతో బాకీ మాఫీ కాలేదు.

అపోహ: జీతం ఎక్కువ పడిందని ఆడిట్‌లో తేలితే గ్రాట్యుటీలో కోసుకోవచ్చు.

వాస్తవం: గుండె గుభేలుమనేది ఇక్కడే. ఎప్పుడో వేసిన ఇంక్రిమెంటు తప్పని రిటైర్‌మెంటు ముందు నోటీసు వస్తుంది. తప్పు ఉద్యోగిది కానప్పుడు, మూడు, నాలుగు తరగతుల సిబ్బంది నుంచి, రిటైరైనవారి నుంచి, ఏడాదిలోపు రిటైరయ్యేవారి నుంచి వసూలు చేయకూడదని 2014 రఫీక్ మసీహ్ తీర్పు. ఒక మెలిక ఉంది: ‘ఎక్కువ పడితే తిరిగి కడతాను’ అని సంతకం పెట్టినవారికి ఆ రక్షణ దొరక్కపోవచ్చు. 2016లో జగదేవ్ సింగ్ కేసులో అదే జరిగింది. వేతన సవరణ (పీఆర్‌సీ) ఆప్షన్ కాగితాలతో పాటు వచ్చే హామీపత్రం చదవకుండా సంతకం చేసేవాళ్లే ఎక్కువ.

అపోహ: గ్రాట్యుటీ చట్టం అధ్యాపకులకు వర్తించదు.

వాస్తవం: 2004లో సుప్రీంకోర్టు అలాగే అంది. 2009లో పార్లమెంటు చట్టం సవరించి, 1997 ఏప్రిల్ 3 నుంచే వర్తింపజేసింది. 2022లో సుప్రీంకోర్టు ఆ సవరణను సమర్థించింది. 2025 నవంబరు దాకా అమల్లో ఉన్న ఆ చట్టం ప్రకారం చెల్లింపు గడువు 30 రోజులు, దాటితే వడ్డీ.

అపోహ: పింఛను కేసు ఎప్పుడైనా వేసుకోవచ్చు, తొందరేముంది?

వాస్తవం: నెలనెలా తక్కువ పడుతుంటే హక్కు చావదు. కానీ 2008 తర్సేమ్ సింగ్ తీర్పు నుంచి బకాయిలు మామూలుగా కేసు వేయడానికి ముందు మూడేళ్లకే వస్తాయి. పదేళ్లు మెతకగా ఊరుకున్న వ్యక్తి ఏడేళ్ల డబ్బు పోగొట్టుకుంటాడు. కాబట్టి మొదటి అర్జీ రాతపూర్వకంగా, రసీదుతో ఇవ్వాలి. అయితే అర్జీలు పెడుతూ పోయినా ఆ మూడేళ్ల లెక్క కేసు వేసిన రోజు నుంచి వెనక్కే.