ఆటలో శబ్దం: నిల్వ, మార్పు

1993లో వెలువడిన 'డూమ్' వీడియో గేమ్‌లో శబ్దాలు విడివిడి ఫైళ్లుగా ఉండవు. బొమ్మలు, మ్యాపులతో కలిసి 'వాడ్' అనే ఒకే ఫైలులో ఉంటాయి. అందులోని విషయసూచిక ప్రతి అంశానికీ పేరు, ప్రారంభస్థానం, పరిమాణం తెలుపుతుంది. శబ్దాలు ఎక్కువగా సెకనుకు 11,025 నమూనాలు. నమూనాకు ఒక బైటు.

రాజమహేంద్రవరం రేవులో మీరు రికార్డు చేసిన మూడు సెకన్ల లాంచీ హారన్‌ను తుపాకీ శబ్దానికి బదులు వినిపించాలనుకోండి. ఈ పద్ధతిలోకి మారిస్తే దానికి సుమారు 33,075 బైట్లు కావాలి. తుపాకీ శబ్దం అంతకంటే చిన్నది. కాబట్టి పాత చోటనే రాస్తే పక్క అంశం చెరిగిపోతుంది. అందుకే దాన్ని అదే పేరుతో వేరొక వాడ్‌లో ఉంచాలి. ఆట ఈ వాడ్‌ను తరువాత చదివి, అదే పేరున్న పాత శబ్దం బదులు కొత్తది వినిపిస్తుంది. అసలు ఫైలు చెక్కుచెదరదు. మీ వాడ్ తీసేస్తే పాత శబ్దమే తిరిగి వస్తుంది.

మీ ప్రగతిని పరీక్షించుకోండి: హారన్ నాలుగు సెకన్లయితే ఎన్ని బైట్లు?