ఒక్క బిట్టు వెనక ఊరూరా తిరిగిన మనుషులు

'లక్ష్మణరాయ పరిశోధక మండలి ప్రచురించిన గ్రంథం ఏది?' గ్రూప్స్‌కి ప్రిపేరవుతుంటే ఇలాంటి బిట్టు మీకు ఎక్కడో తగిలే ఉంటుంది. 'తెలంగాణా శాసనములు' అని టిక్కు పెట్టేసి తర్వాతి ప్రశ్నకి వెళ్లిపోతాం. ఈసారి కాస్త ఆగి చూడండి. మీ కెరియర్‌కి పనికొచ్చే సంగతి ఒకటి అక్కడే ఉంది.

చదువూ కొలువూ ఉర్దూలో నడుస్తున్న నిజాం రాజ్యంలో, తెలుగువాళ్ల చరిత్రని తెలుగువాళ్లే వెతుక్కోవాలని హైదరాబాదులో కొందరు ఏర్పాటు చేసుకున్న సంఘమిది. 1923లో కొమర్రాజు లక్ష్మణరావు కన్నుమూశాక ఆయన పేరు పెట్టుకున్నారు. ఆదిరాజు వీరభద్రరావు బడిపంతులు. శేషాద్రి రమణ కవులు అన్నదమ్ములు, కవులు. సర్కారు కొలువుగా కాదు, ఇష్టంకొద్దీ ఊళ్లు తిరిగి, గుళ్ల దగ్గరా చెరువుగట్ల మీదా పడి ఉన్న రాళ్లను చదివారు. ఆ శ్రమే 1935లో 'తెలంగాణా శాసనములు' మొదటి సంపుటంగా వచ్చింది. అటు రాజమహేంద్రవరంలో ఆంధ్రేతిహాస పరిశోధక మండలి 1922లోనే మొదలైంది. రాజరాజ నరేంద్రుడి పట్టాభిషేకానికి తొమ్మిది వందల ఏళ్లు నిండాయని అదే ఏడాది ప్రత్యేక సంచిక కూడా వెలువడింది.

రాళ్లు చదవడం ఏం పని అనుకోకండి. రుద్రదేవుడు స్వతంత్రంగా ఏలాడని మీరు ధీమాగా రాసే జవాబుకి 1163 నాటి హనుమకొండ వేయిస్తంభాల గుడి శాసనమే ఆధారం. ఎవరు చెరువు తవ్వించారు, ఏ పొలం ఎవరికి దానమిచ్చారు, పన్నులెంత... మీ ఊరి సంగతి ఏ పాఠ్యపుస్తకంలోనూ ఉండదు, రాయి మీద మాత్రం ఉండొచ్చు. ఆ రాయేమో ఇప్పుడు బట్టలుతికే బండగానో, అరుగు కింద మెట్టుగానో ఉంటుంది. గుడి బాగుచేయిస్తున్నామని సున్నం కొట్టేస్తారు, పెయింటు పూసేస్తారు. రోడ్డు పని వస్తే పగిలి కంకరలో కలిసిపోతుంది. నకలు తీయకముందే పోతే ఇక అంతే.

నకలు తీయడం చూడ్డానికి తేలిక. రాయిని బ్రష్షుతో శుభ్రంగా కడిగి, తడి కాగితం పరిచి, అక్షరాల గుంటల్లోకి దిగేలా బ్రష్షుతో కొడతారు. పైన సిరా అద్దితే నల్లటి కాగితం మీద తెల్లటి అక్షరాలు తేలతాయి. దీన్నే ఎస్టాంపేజీ అంటారు. ఇది నేర్చుకోనివాళ్లు చేయకూడదు. మీరు చేయదగ్గది వేరే ఉంది: పొద్దున్నో సాయంత్రమో ఏటవాలు ఎండలో ఫోన్‌తో ఫొటోలు తీయండి. నూనె, సుద్ద, పిండి పూయకండి. ఊరు, సర్వే నంబరు, రాయి ఉన్న చోటు రాసుకుని జిల్లాలోని పురావస్తు శాఖవారికి పంపండి.

మరి ఉద్యోగం సంగతి? దాపరికం లేకుండా చెప్పాలంటే పోస్టులు తక్కువ, నోటిఫికేషన్లు ఆలస్యం. ఇదొక్కటే నమ్ముకుని గ్రూప్స్ పుస్తకాలు అటకెక్కించమని ఎవరూ అనరు. అయితే పోటీ కూడా తక్కువే, ఎందుకంటే పాత తెలుగు లిపి చదవగలిగేవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంత మందే. చరిత్ర, పురావస్తు శాస్త్రం, తెలుగు, సంస్కృతం... వీటిలో పీజీ చేసేవాళ్లకి ఇది కలిసొచ్చే దారి. భారత పురావస్తు సర్వేక్షణ సంస్థ శాసన విభాగం మైసూరులో ఉంది. గ్రేటర్ నోయిడాలోని దీన్‌దయాళ్ ఉపాధ్యాయ పురావస్తు సంస్థలో పీజీ అయ్యాక చేసే డిప్లొమా ఉంది. పాత కాగితాల మీద ఆసక్తి ఉంటే దిల్లీలో జాతీయ ఆర్కైవ్స్ వారి స్కూల్‌లో ఏడాది డిప్లొమా చూడండి. ఇంటర్వ్యూలో 'మీ హాబీ ఏంటి?' అని అడిగితే 'పుస్తకాలు చదవడం' అనే జవాబు బోర్డు రోజూ వింటుంది. మీ మండలంలోని శాసనాల ఫొటోలూ వివరాలూ ఉన్న నోట్‌బుక్ గురించి చెబితే, తర్వాతి పది నిమిషాలూ ప్రశ్నలన్నీ దాని మీదే!

ఈ సెలవుల్లో ఊరెళ్లినప్పుడు గుడి వెనక ఓసారి చూసి రండి. పూజారిగారినో, పెద్దవాళ్లనో 'రాతబండ ఎక్కడుంది తాతా?' అని అడగండి. చాలా ఊళ్లలో దాన్ని ఆ పేరుతోనే పిలుస్తారు.